కోళ్లకి జబ్బని వార్త వచ్చిందా? వంటింట్లో, షెడ్డులో, పెరట్లో చేయాల్సిన పనులు

2025 ఫిబ్రవరిలో ఒక ఆదివారం. చీపురుపల్లిలో మా వీధి చివరి చికెన్ షాపుకి తొమ్మిది గంటలకి వెళ్తే మామూలుగా మన ముందు ఐదారుగురు నిలబడి ఉంటారు. ఆ రోజు నేనొక్కడినే. షాపాయన కత్తి మొద్దు మీద పడేసి ఫోన్ చూసుకుంటున్నాడు. జాలీలో కోళ్లు కిక్కిరిసి ఉన్నాయి. "ఏటి బాబూ, నువ్వైనా వచ్చినావు. కిలో ఏటికి, రెండు కిలోలు పట్టుకెళ్లు" అన్నాడు. ఎదురుగా చేపల బుట్టల దగ్గర మాత్రం తోపులాట.

అప్పటికి బర్డ్ ఫ్లూ తేలింది తణుకు మండలం వేల్పూరులో, పెరవలి మండలం కానూరు అగ్రహారంలో. మాకు దాదాపు మూడు వందల కిలోమీటర్ల దూరం. వైరస్ అక్కడుంటే భయం ఇక్కడికి ఒక్క రాత్రిలో వచ్చేసింది. గరివిడి దగ్గర మా బావకి చిన్న బ్రాయిలర్ షెడ్డు ఉంది. ఆ వారం ఆయన అన్నం సరిగ్గా తినలేదు. అటు కొనేవాడిగా, ఇటు బావ పక్కన నిలబడి చూసినవాడిగా నేర్చుకున్నవి ఇక్కడ రాస్తున్నాను. మళ్లీ ఇలాంటి వార్త వస్తే పనికొస్తాయి. చలికాలంలో, వలస పక్షులు తిరిగే రోజుల్లో ఇది వచ్చే అవకాశం ఎక్కువ.

ముందు వార్తని నాలుగు ప్రశ్నలు అడగండి

వాట్సాప్‌లో చచ్చిన కోళ్ల గుట్ట వీడియో వస్తుంది. చూసిన వెంటనే ఫార్వర్డ్ చేయకండి. ఏ జబ్బు? ఏ ఊరు? పరీక్ష ఎక్కడ చేశారు? ఏ తేదీ వీడియో? ఈ నాలుగింటికీ జవాబు లేకపోతే దాన్ని వార్తగా లెక్కలోకి తీసుకోవద్దు.

మన దేశంలో కోళ్లకి బర్డ్ ఫ్లూ అని ఖాయం చేసేది భోపాల్‌లోని జాతీయ ప్రయోగశాల. మండల ఆసుపత్రి డాక్టర్ కూడా కంటితో చూసి చెప్పలేరు. శాంపిల్ తీసి పంపాలి, రిపోర్టు వచ్చేదాకా ఆగాలి. ఈ మధ్యలో వచ్చే మాటలన్నీ అనుమానాలే.

ఖాయమైతే ఏం జరుగుతుందో తెలిసి ఉంటే సగం టెన్షన్ తగ్గుతుంది. జబ్బు తేలిన చోటు నుంచి ఒక కిలోమీటరు లోపల ఉన్న కోళ్లన్నిటినీ చంపి పూడ్చేస్తారు. పది కిలోమీటర్ల దాకా నిఘా పెడతారు, కోళ్లనీ గుడ్లనీ అటూ ఇటూ కదలనివ్వరు. అంటే మీరు చూడాల్సింది మ్యాప్. మీ ఊరు ఆ పది కిలోమీటర్లలో ఉందా? ఉంటే అధికారులు చెప్పినట్టు అక్కడి కోడి, గుడ్డు మానేయండి. లేకపోతే కింద రాసినవి పాటిస్తూ మామూలుగా తినొచ్చు.

మన జిల్లాల్లో ఇంకో చిక్కుంది. టెక్కలి మండలం తేలినీలాపురానికి, ఇచ్ఛాపురం దగ్గర తేలుకుంచికి ఏటా వలస పక్షులు వస్తాయి. అక్కడ ఒక పక్షి చనిపోయినా జనం నోట ముందు వచ్చే మాట బర్డ్ ఫ్లూ. 2021 చివర్లో, 2022 మొదట్లో తేలినీలాపురంలో పెలికాన్ పక్షులు వరసగా చనిపోయాయి. పరీక్ష చేస్తే వాటి కడుపులో పురుగులు బయటపడ్డాయి. అలాగని చచ్చిన పక్షిని చేత్తో పట్టుకోవద్దు. పిల్లల్ని దూరంగా ఉంచి అటవీ శాఖ వాళ్లకి చెప్పండి.

వంటింట్లో: ప్రమాదం కూరలో కంటే కడగడంలోనే ఎక్కువ

70 డిగ్రీల వేడి ముక్క లోపలి దాకా తగిలితే ఈ వైరస్ చచ్చిపోతుంది. మన కూర కుతకుతా ఉడికేటప్పుడు వేడి అంతకంటే చాలా ఎక్కువే ఉంటుంది. ఉల్లిపాయ మసాలాలో అరగంట మగ్గిన కోడికూరకి భయపడాల్సిన పని లేదు. నాటుకోడి అయితే ఎలాగూ కుక్కర్లో నాలుగైదు కూతలు వేయిస్తాం.

చూసుకోవాల్సింది పెద్ద ముక్కల వేపుడు, తందూరి, నిప్పుల మీద కాల్చినవి. పైన నల్లగా మాడి, ఎముక దగ్గర గులాబీ రంగు ఉంటే అది ఉడకలేదన్నమాట. అరకు వెళ్లి బొంగులో చికెన్ తిన్నా అంతే, ఒక ముక్క విరిచి ఎముక పక్కన చూసి తినండి. ఆ కొన్ని వారాలు హాఫ్ బాయిల్, బుల్స్ ఐ మానేయండి. గుడ్డు పచ్చసొన గట్టిపడేదాకా ఉడకాలి.

పసుపు, ఉప్పు, నిమ్మకాయ పట్టిస్తే వైరస్ పోతుందని మా పెద్దమ్మ నమ్మకం. పోదు. రుచి మాత్రం వస్తుంది. ఫ్రిజ్‌లో గడ్డ కట్టించినా పోదు, చల్లదనంలో అది ఇంకా ఎక్కువ రోజులు బతుకుతుంది.

ఇక కడగడం. కోడి మాంసాన్ని అసలు కడగొద్దని డాక్టర్లు అంటారు. ఆ మాట మన ఇళ్లలో చెప్పి చూడండి, మిమ్మల్నే కడిగేస్తారు. కాబట్టి మధ్యే మార్గం ఇది: కుళాయి ధారగా వదిలి దాని కింద ముక్కలు పెట్టకండి. ఆ తుంపరలు పక్కనున్న కొత్తిమీర మీద, గ్లాసుల మీద పడతాయి. లోతైన గిన్నెలో నీళ్లు పోసి, ముక్కలు అందులో వేసి మెల్లగా కలిపి, ఆ నీళ్లు నిదానంగా వంచేయండి. తర్వాత సింకు, గిన్నె, కత్తిపీట సబ్బుతో తోమి, చేతులు మోచేతుల దాకా కడుక్కోండి. పచ్చి కోడి కోసిన కత్తిపీట మీదే టమాటాలు, కీరా కోసే అలవాటు చాలా ఇళ్లలో ఉంది. కూరగాయలు ముందు కోసి పక్కన పెట్టుకుంటే ఆ గొడవే ఉండదు.

పచ్చి ముక్క పిల్లల చేతికి, నోటికి అందకూడదు. 2025లో పల్నాడు జిల్లాలో ఒక చిన్నారి ఈ వైరస్‌తో చనిపోయింది. ఆ పాప పచ్చి కోడి ముక్క తిన్నట్టు అప్పట్లో పేపర్లలో వచ్చింది. ఉడికిన కూర తిని ఎవరికైనా వచ్చిందని మాత్రం అప్పుడు ఎక్కడా వినలేదు.

కనుమకో, అమ్మవారి పండక్కో ఇంట్లోనే పుంజుని కోసి, ఈకలు పీకి, మంట మీద కాల్చి, పసుపు రాసే ఇళ్లు మన పల్లెల్లో ఇంకా ఉన్నాయి. జబ్బు వార్త ఉన్న రోజుల్లో తినడం కంటే ఈ పనిలోనే జాగ్రత్త ఎక్కువ కావాలి. కోసేవాళ్లు ముక్కుకి గుడ్డ కట్టుకోండి. ఈకలు, పేగులు పెంట మీద పారేయకుండా గొయ్యి తీసి పూడ్చండి. నలతగా ఉన్న పుంజుని "ఎలాగూ పోయేదే కదా" అని కోయడం అన్నిటికంటే పెద్ద తప్పు.

షాపులో

కోడిని బతికుండగా చూసి కొనండి. చురుగ్గా ఉందా, తురాయి ఎర్రగా ఉందా, ముక్కు నుంచి ఏమైనా కారుతోందా చూడండి. తురాయి నీలంగా మారినా, తల ఉబ్బినా వదిలేయండి. ముందే కోసి పెట్టిన ముక్కలు ఆ రోజుల్లో వద్దు. రోడ్డు పక్కన ఆటోలో తెచ్చి సగం రేటుకి అమ్మే కోళ్ల జోలికి అసలే పోవద్దు. ఎవరో షెడ్డు ఖాళీ చేసుకుంటున్నారన్నమాట, ఎందుకు ఖాళీ చేస్తున్నారో మీకు చెప్పరు.

రేటు పడిపోయింది కదా అని పది కిలోలు కొని ఫ్రిజ్ నింపేవాళ్లూ ఉంటారు. అదే నెలలో గుంటూరులో భయం పోగొట్టడానికి ఫ్రీ చికెన్ మేళా పెడితే జనం ఎగబడ్డారు. డబ్బులిచ్చి కొనడానికి ఉన్న భయం ఊరికే పెడితే ఎటు పోయిందో! సరే, అది వేరే సంగతి.

ఆ ఆదివారం మీరు కొనకపోతే ఎవరి మీద పడుతుంది

ఇది తెలిస్తే మానేయాలా వద్దా అన్నది మీరే తేల్చుకుంటారు. బ్రాయిలర్ కోడి నలభై రోజులకి అమ్మకానికి వస్తుంది. ఆ రోజు లారీ రాకపోతే దాన్ని ఆపి ఉంచే వీలు లేదు. వయసొచ్చిన కోడి రోజుకి సుమారు 180 గ్రాముల మేత తింటుంది. మా బావ షెడ్డులో 3,000 కోళ్లు. అంటే రోజుకి 540 కిలోలు, యాభై కిలోల బస్తాలు దాదాపు పదకొండు. ఆ వారం నేను వెళ్లేసరికి 43వ రోజు. కోళ్లు లావెక్కి కదలలేక ఊక మీద కూలబడి ఉన్నాయి. బావ ఒక్కో మేత గిన్నె కదిపి సగం దాకా పోస్తున్నాడు. "పెట్టకపోతే బరువు పోద్ది, పెడితే డబ్బు పోద్ది" అన్నాడు తల ఎత్తకుండానే.

కంపెనీ ఇచ్చిన కోడిపిల్లల్ని పెంచేవాళ్ల లెక్క కొంచెం వేరు. పిల్ల, మేత, మందు కంపెనీవి. షెడ్డు, కరెంటు, కూలి రైతువి. కిలోకి ఇంత అని పెంపకం డబ్బులు వస్తాయి. లిఫ్టింగ్, అంటే కంపెనీ కోళ్లని ఎత్తుకెళ్లడం, ఆలస్యమైతే మేత ఎక్కువ తిని లెక్క తప్పుతుంది, చావులు పెరుగుతాయి, చివరికి చేతికొచ్చేది తగ్గుతుంది. ఆ తర్వాత బ్యాచ్ ఎప్పుడిస్తారో తెలియదు. షెడ్డు ఖాళీగా ఉన్నా బ్యాంకు కిస్తీ ఆగదు. సొంతంగా పిల్లలు కొని మేత కొని పెంచేవాళ్లయితే మొత్తం దెబ్బ వాళ్లదే.

మరో దెబ్బ కంటికి కనపడదు. రణస్థలం, లావేరు, చీపురుపల్లి, గజపతినగరం వైపు రబీలో మొక్కజొన్న వేస్తారు. ఆ గింజల్లో ఎక్కువ భాగం పోయేది కోళ్ల మేతకే. ఫిబ్రవరిలో చికెన్ అమ్మకం పడిపోతే, షెడ్లలో పిల్లలు దిగకపోతే, మార్చి, ఏప్రిల్‌లో కండెలు ఒలిచి కళ్లంలో ఆరబెట్టుకున్న రైతు దగ్గరికి వచ్చే వ్యాపారి బేరం తగ్గించే మాట్లాడతాడు. తణుకులో కోడికి జబ్బు చేస్తే లావేరు మొక్కజొన్నకి జలుబు చేసినట్టు.

షెడ్డు ఉన్నవాళ్లు ఆ రోజే మొదలుపెట్టాల్సినవి

గేటు మూయండి. చుట్టాలు, కోళ్లు చూడ్డానికి వచ్చే పిల్లలు, పక్క షెడ్డు రైతు, ఎవరూ లోపలికి వద్దు. మొహమాటం పనికిరాదు. మా బావ గేటుకి అట్టముక్క కట్టి "లోపలికి రావద్దు, ఫోన్ చేయండి" అని రాశాడు. ఊళ్లో నలుగురూ నవ్వారు, నవ్వనీ.

లోపల తొడుక్కునే చెప్పులు లోపలే ఉండాలి. గుమ్మంలో బ్లీచింగ్ నీళ్ల తొట్టి పెట్టి అందులో కాళ్లు ముంచి వెళ్లండి. ఆ నీళ్లు రోజూ మార్చాలి. మట్టి, పెంట కలిసిన తొట్టి ఉన్నా లేనట్టే. మేత బండి, కోళ్ల లారీ టైర్ల మీద మందు కొట్టకుండా లోపలికి రానివ్వకండి. ఊరూరా తిరిగిన జాలీలు, గుడ్ల అట్టలు కడగకుండా దింపుకోకండి.

నీళ్ల ట్యాంకు మీద మూత ఉందా? పక్క జాలీకి కన్నాలున్నాయా? కాకులు, పిచ్చుకలు దూరి మేత తింటుంటే తొట్టి పెట్టీ లాభం లేదు. చెరువు నీళ్లు నేరుగా తాగించకండి. కొంగలు, బాతులు దిగే నీళ్లవి.

చాలామంది వదిలేసేది ఒకటుంది. షెడ్డులో పనిచేసే మనిషి ఇంట్లో నాటుకోళ్లు, పందెం పుంజులు ఉంటాయి. పొద్దున్న వాటికి గింజలు వేసి అదే బట్టలతో షెడ్డుకి వస్తాడు. అతన్ని తిట్టి లాభం లేదు. షెడ్డు దగ్గర వేరే చొక్కా, లుంగీ పెట్టండి, అంతే.

కోళ్లు చనిపోవడం మొదలైతే

ఒక్క రోజులో చావులు హఠాత్తుగా పెరగడం, మేత నీళ్లు తగ్గించేయడం, తురాయి నీలం కావడం, తల ఉబ్బడం, కాళ్ల మీద ఎర్రటి మచ్చలు, లేయర్లయితే (గుడ్ల కోసం పెంచే కోళ్లు) గుడ్లు ఉన్నట్టుండి తగ్గిపోవడం, ఇవి కనిపిస్తే ఆలోచిస్తూ కూర్చోకండి. ఆకుపచ్చ రెట్ట, మెడ మెలితిరగడం ఎక్కువగా కొక్కెర వ్యాధిలో (రాణీఖెత్ అంటారు) చూస్తాం. కానీ పైకి రెండూ కలిసిపోతాయి, అనుభవం ఉందని మీరే తేల్చేయకండి.

రైతు సేవా కేంద్రంలో పశుసంవర్ధక సహాయకుడికి గానీ, మండల పశువైద్యుడికి గానీ చెప్పండి. 1962 కి ఫోన్ చేసినా సంచార పశువైద్యశాల వాళ్లు పలుకుతారు. గరివిడిలో పశువైద్య కళాశాల ఉండటం మా వైపు వాళ్లకి పెద్ద ధైర్యం.

చెబితే షెడ్డు మొత్తం చంపేస్తారని భయపడి దాచేవాళ్లని చూశాను. బతికున్న వాటిని రాత్రికి రాత్రి అమ్మేసి, చచ్చినవాటిని గోనెసంచుల్లో కట్టి గెడ్డలో పడేస్తారు. ఆ గెడ్డ నీళ్లే కింది ఊళ్లో బాతులు తాగుతాయి. డబ్బు లెక్కలో చూసినా దాచడం నష్టమే. ప్రభుత్వం పరిహారం ఇచ్చేది అధికారులు లెక్కపెట్టి చంపిన కోళ్లకి, వాళ్లు నాశనం చేయించిన గుడ్లకి, మేతకి. ముందే చచ్చిపోయినవాటికి రాదు. రేటు పడిపోయి నష్టపోయినదానికీ రాదు. మూడు రోజులు దాస్తే ఆ మూడు రోజుల కోళ్లు పోయినట్టే.

డాక్టర్ వచ్చేదాకా చచ్చినవాటిని ఒకచోట మూత వేసి ఉంచండి, కుక్కలు లాక్కుపోకుండా. పూడ్చమన్నాక లోతుగా గొయ్యి తీసి, సున్నం చల్లి పూడ్చాలి. కోళ్లు పట్టుకున్న మనిషికి పది రోజుల్లోపు జ్వరం, దగ్గు వచ్చినా, కళ్లు ఎర్రబడినా ఆసుపత్రిలో కోళ్ల సంగతి ముందు చెప్పాలి. మామూలు జ్వరం అనుకుని ఆర్‌ఎంపీ దగ్గర సూదితో సరిపెట్టొద్దు.

కాగితాలు

పిల్లలు దిగిన రోజు చలానా, మేత బిల్లులు, రోజువారీ చావుల పుస్తకం ఉండాలి. మా బావ చావుల లెక్కకి గోడ మీద బొగ్గుతో గీతలు గీసేవాడు. ఆ గీతలు ఎవరికి చూపిస్తారు? ఇప్పుడు నోటుబుక్‌లో రాసి రాత్రి ఫోన్‌లో ఫోటో తీస్తున్నాడు, తేదీ దానంతటదే పడుతుంది. కంపెనీ కోళ్లయితే ఒప్పందం తీసి చదవండి. కోడి కంపెనీదైనప్పుడు పరిహారం ఎవరి పేరున వస్తుంది, మీ కూలి సంగతేంటి అన్నది సూపర్‌వైజర్‌ని జబ్బు రాకముందే అడగండి, వీలైతే రాయించుకోండి. బ్యాంకుకి కూడా కిస్తీ తప్పాక కంటే ముందే వెళ్లడం మేలు.

ఆవుకో మేకకో జబ్బయితే ఇదే సూత్రం పనిచేయదు

లంపీ స్కిన్ అనే పశువుల జబ్బు దేశంలో మొదట బయటపడింది 2019లో, మన పక్కనే ఒడిశాలో. 2022లో గుజరాత్, రాజస్థాన్‌లలో ఆవులు పెద్ద సంఖ్యలో పోయినప్పుడు ఇక్కడ కూడా పాలు మానేసినవాళ్లున్నారు. అది ఈగలు, దోమలు, పిడుదుల వల్ల పశువు నుంచి పశువుకి పోయే జబ్బు, మనుషులకి రాదు. కాచిన పాలు నిక్షేపంగా తాగొచ్చు. పశువుకి టీకా వేయించి, జబ్బు పశువుని వేరే కట్టండి.

దొమ్మ రోగం (ఆంత్రాక్స్) దీనికి పూర్తిగా ఎదురు. నిన్నటిదాకా బాగున్న గొర్రె, మేక, పశువు హఠాత్తుగా పడిపోయి, ముక్కు నుంచో మలద్వారం నుంచో గడ్డకట్టని నల్లటి రక్తం కారితే దాన్ని ముట్టుకోవద్దు, కోయొద్దు, తోలు తీయొద్దు. ఆ బీజాలు నేలలో ఏళ్ల తరబడి ఉంటాయి, ఉడికించి తిందామనుకునే జబ్బు కాదు. చచ్చిన పశువు మాంసం పంచుకునే అలవాటున్న ఊళ్లలో ఈ ఒక్క మాట పెద్దవాళ్ల చేత చెప్పించగలిగితే చాలు.

పెరట్లో పది కోళ్లున్నవాళ్లకి

మన ఊళ్లలో నాటుకోళ్లు గుంపుగా చచ్చేది ఎక్కువసార్లు కొక్కెరతోనే. ఆ చావులు చూసి ఊరంతా బర్డ్ ఫ్లూ అంటుంది, షాపులు మూతపడతాయి. కొక్కెర టీకా బర్డ్ ఫ్లూని ఆపదు. కానీ కొక్కెర చావులు తగ్గితే ఉత్త భయాలూ తగ్గుతాయి, కోళ్లూ మిగులుతాయి.

కోడిపిల్లకి ఐదు నుంచి ఏడో రోజు మధ్యలో లసోటా అనే కొక్కెర టీకా చుక్క కంట్లో వేయాలి. ఎనిమిదో వారంలో ఆర్‌2బీ అనే రెండో కొక్కెర టీకా సూది. ఒక వయల్లో వంద డోసులుంటాయి, మీ పది కోళ్ల కోసం తెరిస్తే తొంభై వృథా. కాబట్టి వీధిలో అందరూ ఒకే రోజు పెట్టుకోండి. కోళ్లు పొద్దున్నే గూడు వదిలితే మళ్లీ దొరకవు. ముందు రోజు రాత్రే గంపల కింద మూసేసి, తెల్లవారుజామున గంప కొంచెం ఎత్తి ఒక్కొక్కదాన్నే బయటికి తీయండి. మా వీధిలో ఒకరు పట్టుకుంటారు, ఒకరు చుక్క వేస్తారు, ఒక పిల్లాడు బొగ్గుతో గోడ మీద గీత పెడతాడు. చుక్క కంట్లో పడి కోడి రెప్ప కొట్టేదాకా ఆగి వదలాలి, తొందరపడి వదిలితే తల విదిలించి పారేస్తుంది. నలతగా ఉన్నదానికి వేయకండి. వయల్ మందుల షాపు నుంచి ఐసు ముక్కలు వేసిన ఫ్లాస్కులోనే తేవాలి. కలిపాక గంట, మహా అయితే రెండు గంటల్లో అయిపోవాలి. ఆ పైన మిగిలింది సాయంత్రానికని దాచకుండా, మరిగించి పారబోసి సీసా పూడ్చేయండి.